ఒకటి నువ్వు కొను, ఒకటి నేను కొంటా: గేముల షేరింగ్‌పై మీ ప్రశ్నలు, నా జవాబులు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా ఒకటే విషయం. డబ్బు పెట్టి డౌన్‌లోడ్ చేసుకున్న గేమ్‌ని స్నేహితుడితో పంచుకోవడం ఎలా అని. గుంటూరు అరండల్‌పేటలో పన్నెండేళ్ళు గేమ్ పార్లర్ నడిపాను, ఇప్పుడు అదే గదిలో కన్సోళ్ళు (టీవీకి తగిలించి గేములాడే మెషీన్లు) రిపేరు చేస్తున్నాను కాబట్టి ఈ ప్రశ్న నాకు రోజూ ఎదురయ్యేదే. అందుకే మొదటి ఉత్తరానికి కాస్త పెద్ద జవాబే రాస్తున్నాను.

ప్రశ్న: అన్నా, మాది విజయవాడ పటమట. ఇంటర్ నుంచి నాతో చదివిన ఫ్రెండ్ ఉద్యోగం వచ్చి గుంటూరు బ్రాడీపేటలో రూమ్ తీసుకున్నాడు. ఇద్దరి దగ్గరా పీఎస్5 (సోనీవాళ్ళ ప్లేస్టేషన్ 5) డిజిటల్ ఎడిషన్ ఉంది, డిస్కు పెట్టే వీల్లేదు. కొత్త గేమ్ అంటే నాలుగైదు వేలు. ఒకటి నేను, ఒకటి వాడు కొని రెండూ ఇద్దరం ఆడుకోవచ్చని విన్నాం. నిజమేనా? ఒకే టైమ్‌లో ఇద్దరం ఆడొచ్చా? పాస్‌వర్డ్ ఇవ్వాలంటేనే టెన్షన్‌గా ఉంది. ఇంకో సంగతి, మా తమ్ముడు కూడా నా కన్సోల్‌లోనే ఆడతాడు.

జవాబు: తమ్ముడూ, నిజమే. ఒకే గేమ్ ఇద్దరూ ఒకే టైమ్‌లో, కావాలంటే ఒకరితో ఒకరు కలిసి కూడా ఆడుకోవచ్చు. అయితే ఇది ఎలా పనిచేస్తుందో పూర్తిగా అర్థం చేసుకున్నాకే మొదలుపెట్టు. సగం తెలిసి చేసినవాళ్ళే నా షాపుకి వచ్చి "గేమ్‌కి తాళం గుర్తు పడింది అన్నా" అంటారు.

గేమ్ కొన్న అకౌంట్‌కి రెండు హక్కులుంటాయి. మొదటిది, ఆ అకౌంట్ ఏదో ఒక పీఎస్5ని "ఇది నాది" అని గుర్తు పెట్టుకోవచ్చు. ఆ మెషీన్ ముందు ఎవరు కూర్చున్నా, ఎవరి ఐడీతో ఉన్నా, ఆ అకౌంట్‌లోని గేములన్నీ ఆడొచ్చు. నెట్ ఉన్నా లేకపోయినా ఆడొచ్చు. పీఎస్4లో దీన్ని ప్రైమరీ అనేవాళ్ళు, మన కుర్రాళ్ళు ఇప్పటికీ ఆ మాటే వాడతారు. పీఎస్5లో దాని పేరు కన్సోల్ షేరింగ్ అండ్ ఆఫ్‌లైన్ ప్లే. రెండో హక్కు, కొన్న మనిషి తన ఐడీతో వేరే ఏ పీఎస్5లో లాగిన్ అయినా తన గేములు ఆడుకోవచ్చు. కాకపోతే అక్కడ నెట్ ఉండాలి, ఆడేది ఆ ఐడీయే అయ్యుండాలి.

ఇప్పుడు మీరిద్దరూ చేయాల్సింది, మొదటి హక్కుని ఒకరింట్లో ఒకరు పెట్టుకోవడం. నీ అకౌంట్ బ్రాడీపేటలోని వాడి కన్సోల్‌ని తనదిగా గుర్తు పెట్టుకుంటుంది. వాడి అకౌంట్ పటమటలోని నీ కన్సోల్‌ని గుర్తు పెట్టుకుంటుంది. వాడు తన ఐడీతోనే కూర్చుని నువ్వు కొన్నవి ఆడతాడు. నువ్వు నీ ఐడీతోనే వాడు కొన్నవి ఆడతావు. నీ గేములు నీకు రెండో హక్కు మీద నడుస్తాయి. సేవ్‌లు, అంటే ఆట ఎంతవరకు వచ్చిందో దాచుకున్నవి, ఎవరివి వాళ్ళవే, ట్రోఫీలు ఎవరివి వాళ్ళవే.

ఆన్‌లైన్‌లో ఆడటానికి డబ్బు కట్టి తీసుకునే ప్లేస్టేషన్ ప్లస్ సబ్‌స్క్రిప్షన్ కూడా ఇలాగే పంచుకోవచ్చు. నీకు ప్లస్ ఉంటే నువ్వు ఎక్కడ లాగిన్ అయినా అది నీకు పనిచేస్తుంది. నీ అకౌంట్ గుర్తు పెట్టుకున్న బ్రాడీపేట కన్సోల్‌లో మీవాడికీ ఆన్‌లైన్ మ్యాచ్‌లు నడుస్తాయి. అంటే ఇద్దరికీ ఒక్క సబ్‌స్క్రిప్షన్ చాలు. సేవ్‌ని నెట్‌లో దాచుకునే క్లౌడ్ సేవ్ మాత్రం కట్టినవాడికే. గేమ్ లోపల డబ్బు పెట్టి కొనే పాయింట్లు, కాయిన్లు కూడా కొన్నవాడి ఐడీకే పరిమితం, వాటిని పంచుకోలేరు.

ఇంతవరకూ చాలామందికి తెలుసు. తెలియనిది మీ తమ్ముడి సంగతి. ఇది జాగ్రత్తగా చదువు.

నీ అకౌంట్ ఇప్పుడు మీ ఇంటి కన్సోల్‌ని గుర్తు పెట్టుకోలేదు, బ్రాడీపేటది పెట్టుకుంది. మీ తమ్ముడు తన ఐడీతో మీ హాల్లో కూర్చుని నువ్వు నాలుగు వేలు పోసి కొన్న గేమ్ తెరిస్తే దాని బొమ్మ మీద చిన్న తాళం కనిపిస్తుంది. అదే మీ ఫ్రెండ్ కొన్న గేమ్ అయితే మామూలుగా ఆడేస్తాడు. అన్న కొన్నది తమ్ముడికి రాదు, అన్న స్నేహితుడు కొన్నది వస్తుంది. ఇళ్ళలో గొడవ మొదలయ్యేది సరిగ్గా ఇక్కడే. "నీ ఫ్రెండ్‌కి ఇచ్చావు, నాకివ్వలేదు" అని అలిగిన తమ్ముళ్ళని నేను చూశాను, వాళ్ళ బాధ న్యాయమైనదే. తమ్ముడు నీ ఐడీలోనే ఆడితే గేమ్ తెరుచుకుంటుంది కానీ నీ సేవ్ పాడవుతుంది. కాబట్టి ముందు వాణ్ణి కూర్చోబెట్టి చెప్పు. వాడు ఎక్కువగా ఆడే గేమ్ ఏదో చూసి, దాన్ని మీ ఫ్రెండ్ అకౌంట్‌లో కొనేలా మాట్లాడుకోండి. అప్పుడు పటమటలో అది నీకూ తమ్ముడికీ ఇద్దరికీ వస్తుంది.

రెండో చిక్కు నెట్. మన దగ్గర ఎండాకాలం మధ్యాహ్నం కరెంటు పోతే ఇన్వర్టర్ మీద ఫ్యాను, టీవీ నడుస్తాయి, చాలా ఇళ్ళల్లో వైఫై పెట్టె మాత్రం ఆ లైన్‌లో ఉండదు. నెట్ లేకుండా నువ్వు కొన్న గేమ్ తెరవబోతే మళ్ళీ అదే తాళం. ఆ టైమ్‌లో నీ ఇంట్లో నడిచేవి మీ ఫ్రెండ్ గేములే. వైఫై పెట్టెని ఇన్వర్టర్ లైన్‌లోకి మార్పించుకో, ఎలక్ట్రీషియన్‌కి అరగంట పని. నెట్ ఉండి కూడా తాళం పడిందంటే సెట్టింగ్స్‌లో యూజర్స్ అండ్ అకౌంట్స్, అందులో అదర్, అందులో రీస్టోర్ లైసెన్సెస్ నొక్కి చూడు. చాలాసార్లు అక్కడితో పోతుంది.

ఇక పాస్‌వర్డ్. అది వాట్సాప్‌లో పంపనే వద్దు. ఫోన్‌లో కూడా చెప్పొద్దు. ఒక ఆదివారం నీ కన్సోల్ తీసుకుని బ్రాడీపేట వెళ్ళు. విజయవాడ బస్టాండ్‌లో గుంటూరు బస్సెక్కితే గంటా గంటన్నర ప్రయాణం. 2020లో వచ్చిన మొదటి డిజిటల్ ఎడిషన్ బరువు 3.9 కిలోలు, బ్యాగులో టవల్ చుట్టి ఒళ్ళో పెట్టుకోవచ్చు. బస్సు పైన సామాన్ల అరలో పెట్టకు. బయల్దేరే ముందు హెచ్‌డీఎంఐ వైరు ఊడదీయడం మాత్రం మరిచిపోకు. వైరు ఉండగానే సర్దేసి, ఆ పోర్టు లోపలి పిన్నులు వంగిపోయి నా టేబుల్ మీదికి వచ్చినవి లెక్కలేనన్ని. ఆ పోర్టు మార్చాలంటే బోర్డు మొత్తం విప్పాలి.

అక్కడ వాడి పీఎస్5లో కొత్త యూజర్‌గా నీ అకౌంట్ పెట్టు. స్క్రీన్ మీద క్యూఆర్ కోడ్ వస్తుంది, నీ ఫోన్‌లోని ప్లేస్టేషన్ యాప్‌తో స్కాన్ చేస్తే లాగిన్ అయిపోతుంది. పాస్‌వర్డ్ టైపు చేయాల్సిన పనే లేదు, పక్కవాడు చూసేదీ లేదు. అంతకంటే ముందు నీ కన్సోల్‌లో, నీ ఐడీలో, ఇందాక చెప్పిన అదర్‌లోనే ఉండే కన్సోల్ షేరింగ్‌ని ఆపేసి ఉండాలి. తర్వాత వాడి దాంట్లో, నీ ఐడీలోనే, అదే చోట ఆన్ చేయాలి. మీవాడూ నీ కన్సోల్‌లో తన ఐడీతో ఇలాగే చేస్తాడు. రెండూ ఒకే టీవీకి మార్చి మార్చి తగిలిస్తే టీ తాగేలోపు అయిపోతుంది.

అయిపోయాక నీ ప్రొఫైల్ వాడి కన్సోల్‌లోనే ఉండాలి, తీసేయకూడదు. కానీ తాళం వెయ్యి. లాగిన్ సెట్టింగ్స్‌లో నాలుగంకెల పాస్‌కోడ్ పెట్టే వీలుంది. స్టోర్‌లో ఏదైనా కొనేటప్పుడు పాస్‌వర్డ్ అడిగేలా కూడా సెట్ చెయ్యి. మీవాడిని నమ్మొద్దని దీని అర్థం కాదు. వాడి రూమ్‌కి ఇంకో నలుగురు వస్తారు, వాళ్ళల్లో ఒకడు నీ ప్రొఫైల్ తెరిచి స్టోర్‌లోకి పోగలడు. అకౌంట్‌లో కార్డు వివరాలు అసలు ఉంచకు, గిఫ్ట్ కార్డు కోడ్ కొని సరిపడా డబ్బే వేసుకో. టూ స్టెప్ వెరిఫికేషన్ ఆన్ చేసుకుని, అప్పుడు వాళ్ళిచ్చే బ్యాకప్ కోడ్‌లు కాగితం మీద రాసి బీరువాలో పెట్టు. కొత్త గేమ్ కొన్నప్పుడు నీ ఫోన్‌లోని యాప్ నుంచే వాడి కన్సోల్‌కి డౌన్‌లోడ్ పంపొచ్చు, ప్రతిసారీ గుంటూరు పోనక్కర్లేదు.

ఇంకొకటి నేను దాచకుండా చెప్పాలి. అకౌంట్ వ్యక్తిగతం, లాగిన్ ఇంకొకరికి ఇవ్వొద్దు అని కంపెనీ నిబంధనల్లోనే ఉంది. ఈ సదుపాయం ఒకింట్లో ఉండేవాళ్ళ కోసం పెట్టింది. రెండు ఊళ్ళ స్నేహితులు వాడుకుంటే ఆ బాధ్యత మీ ఇద్దరిదే. పీఎస్3 రోజుల్లో ఒక అకౌంట్‌తో కొన్న గేమ్‌ని 5 మెషీన్లలో ఆడనిచ్చేవాళ్ళు. 2011 నవంబర్‌లో దాన్ని 2కి తగ్గించారు. మా పార్లర్‌కి వచ్చే కుర్రాళ్ళు ఐదుగురు కలిసి డబ్బులేసుకుని ఒక గేమ్ కొనేవాళ్ళు, ఆ నెల వాళ్ళ మొహాలు నాకింకా గుర్తున్నాయి.

ఇదంతా ఎందుకింత గట్టిగా చెబుతున్నానో కూడా రాస్తాను. చిన్నప్పటి నుంచీ తెలిసిన స్నేహితుడికీ నాకూ మధ్య పీఎస్4లో ఇలాగే నాలుగేళ్ళు నడిచింది. ఒకటి నేను కొంటే ఒకటి తను కొనేవాడు. తర్వాత తనకి పెళ్ళయింది, ఊరు మారాడు, మాటలు తగ్గాయి. ఒకరోజు సాయంత్రం ఇంటర్ చదివే ఒకబ్బాయి పీఎస్4 తెచ్చి, ఫ్యాను బాగా మోత పెడుతోంది చూడండి అన్నాడు. దుమ్ము దులిపి, పేస్టు మార్చి, టీవీకి పెట్టి ఆన్ చేశాను. యూజర్ల వరసలో రెండో బొమ్మ నాది. మా అమ్మాయి మూడో క్లాసులో గీసిన నెమలిని ఫోటో తీసి పెట్టుకున్న ప్రొఫైల్ అది. ఒక్క క్షణం నాకు ఏమీ అర్థం కాలేదు. ఆ అబ్బాయిని అడిగితే, సెకండ్ హ్యాండ్‌లో కొన్నానంకుల్, పద్నాలుగు గేములు ఫ్రీగా ఉన్నాయని వెయ్యి ఎక్కువ తీసుకున్నారు అన్నాడు.

ఆ పద్నాలుగింటిలో తొమ్మిది నావి. నా ప్రొఫైల్‌కి అప్పట్లో పాస్‌కోడ్ లేదు. ఆ అబ్బాయి మంచివాడు కాబట్టి ముట్టుకోలేదు. ఇంకొకరైతే నా వాలెట్‌లో ఉన్నదంతా ఊడ్చేసేవారు. అబ్బాయిని ఎదురుగా కూర్చోబెట్టి విషయం చెప్పి, నా అకౌంట్ డీయాక్టివేట్ చేసి ప్రొఫైల్ తీసేశాను. తొమ్మిది గేముల మీదా ఒకేసారి తాళాలు పడుతుంటే వాడు చూస్తూ ఉండిపోయాడు. వాడి తప్పేమీ లేదు. షాపులో ఉన్న రెండు డిస్కులు వాడికిచ్చి పంపాను, సర్వీసు డబ్బులు తీసుకోలేదు. స్నేహితుడికి ఫోన్ చేస్తే, అమ్మేటప్పుడు నీ ఐడీ దాంట్లో ఉన్న సంగతే గుర్తు రాలేదురా అన్నాడు. అబద్ధం చెప్పి ఉండడు. మర్చిపోయి ఉంటాడు. అయినా నాకు కష్టంగానే అనిపించింది.

అందుకని తమ్ముడూ, మీరిద్దరూ ముందే రెండు మాటలు అనుకోండి. కన్సోల్ అమ్మినా, రిపేరుకిచ్చినా, ఎవరికైనా ఇచ్చినా ముందు ఫోన్ చేయాలి. రెండోది, ఎవరి అకౌంట్‌లో కొన్నది ఎప్పటికీ వాళ్ళదే, మార్చుకోవడానికి లేదు. కాబట్టి ఒకటి నువ్వు, ఒకటి వాడు అని వంతు తప్పకుండా కొనండి, ఎవరు ఏది ఎంతకు కొన్నారో ఒక నోట్‌బుక్‌లో రాసుకోండి. సగం సగం డబ్బు వేసి ఒకరి అకౌంట్‌లో కొనొద్దు. ఎప్పుడైనా విడిపోతే ఆ సగం తిరిగి రాదు. ఒకవేళ వాడి కన్సోల్ నీ చేతికి అందకుండా పోతే, ప్లేస్టేషన్ వెబ్‌సైట్‌లో నీ అకౌంట్‌లోకి వెళ్ళి డివైజ్ మేనేజ్‌మెంట్‌లో అన్నిటినీ ఒకేసారి డీయాక్టివేట్ చేయొచ్చు. ఆ బటన్ 6 నెలలకు ఒక్కసారే పనిచేస్తుంది. చిన్న అలకకి వాడేసుకోకు.

ఇంకెవరినీ మూడోవాడిగా కలుపుకోవద్దు. అడుగుతారు, మొహమాటపడకు. అకౌంట్ గుర్తు పెట్టుకునేది ఒక్క పీఎస్5నే.

ప్రశ్న: మాది కృష్ణలంక. నా దగ్గర పీఎస్5, మా బాబాయి కొడుకు దగ్గర పాత పీఎస్4 ఉన్నాయి. మేమూ ఇలా చేసుకోవచ్చా?

జవాబు: మీకైతే పై ఉత్తరంలో ఉన్న చిక్కులు దాదాపు లేవు. ఒక అకౌంట్ ఒక పీఎస్4నీ, ఒక పీఎస్5నీ రెండింటినీ ఒకేసారి గుర్తు పెట్టుకోవచ్చు. మీ పీఎస్5ని మీ అకౌంట్ కిందే ఉంచుకుని, మీ తమ్ముడి పీఎస్4లో మీ అకౌంట్‌ని ప్రైమరీగా యాక్టివేట్ చేయండి. తను తన పీఎస్4ని తన కిందే ఉంచుకుని, మీ పీఎస్5లో తన అకౌంట్‌కి కన్సోల్ షేరింగ్ ఆన్ చేస్తాడు. అంటే మీ ఇంట్లో ఎవరు కూర్చున్నా మీ గేములూ వస్తాయి, తనవీ వస్తాయి. నెట్ పోయినా ఆగవు. ఒక్క పరిమితి, మీరు పీఎస్5 కోసం మాత్రమే వచ్చిన గేమ్ కొంటే అది తన పీఎస్4లో నడవదు. పీఎస్4 వెర్షన్ కూడా ఉందో లేదో స్టోర్ పేజీలోనే రాసి ఉంటుంది, కొనేముందు చూడండి. తను కొన్న పీఎస్4 గేములు మాత్రం దాదాపు అన్నీ మీ పీఎస్5లో నడుస్తాయి. ఇది మీవాడికి తెలిసే ఉంటుంది, కొత్త గేములన్నీ మిమ్మల్నే కొనమంటాడు. వంతు ముందే మాట్లాడుకోండి.

ప్రశ్న: నమస్కారమండీ. గుంటూరు లక్ష్మీపురం నుంచి రాస్తున్నాను. మా అబ్బాయి తొమ్మిదో తరగతి. క్లాసులో ఫ్రెండ్ ఒకడు "నీ ఐడీ, పాస్‌వర్డ్ ఇవ్వు, నా గేములు నీకిస్తా" అన్నాడట. ఇవ్వకపోతే ఫ్రెండ్‌షిప్ ఉండదేమోనని బెంగపడుతున్నాడు. ఆ అకౌంట్‌లో మావారి కార్డు ఉంది. ఇవి దొంగ గేముల కిందికి వస్తాయా? ఏం చేయమంటారు?

జవాబు: అమ్మా, దొంగ కాపీలు వేరు, ఇది వేరు. ఆ గేములు డబ్బు పెట్టి కొన్నవే. కానీ పిల్లలు పాస్‌వర్డ్‌లు మార్చుకోవడం మాత్రం ఎట్టి పరిస్థితుల్లోనూ వద్దు. ముందు ఈ రోజే ఆ అకౌంట్‌లోంచి కార్డు తీసేయించండి. తర్వాత బాబు ఐడీ చైల్డ్ అకౌంట్‌గా, మీవారి ఐడీ కింద ఉందో లేదో చూడండి. అలా ఉంటే నెలకి ఎంత ఖర్చు పెట్టొచ్చో, రోజుకి ఎంతసేపు ఆడొచ్చో మీరే పెట్టొచ్చు.

బాబుని మందలించకండి. తొమ్మిదో క్లాసు పిల్లాడికి స్నేహితుడు దూరమవుతాడన్న భయం చాలా పెద్దది. మా పార్లర్‌లో పిల్లలు పీఎస్2 మెమరీ కార్డు తెచ్చుకునేవాళ్ళు, 8 ఎంబీది, అరచేతిలో ఇమిడిపోయేది. దాన్ని లంచ్ బాక్సులో పెట్టుకుని ఫ్రెండ్ కోసం తెచ్చేవాళ్ళు. అందులో ఉన్నది వాళ్ళు నెల రోజులు ఆడిన ఆట. ఎవరికి ఇవ్వాలో ఎవరికి ఇవ్వకూడదో వాళ్ళకి బాగా తెలుసు, ఎందుకంటే అది చేతిలో వస్తువు. పాస్‌వర్డ్ అలా కనబడదు. అందుకే పిల్లలకి దాని బరువు తెలియదు. ఇంటి తాళం చెవి ఎవరికైనా ఇస్తావా అని అడగండి, వెంటనే అర్థమవుతుంది.

ఆ ఫ్రెండ్‌ని శనివారం ఇంటికి పిలవండి. రెండో కంట్రోలర్ ఉంటే ఇద్దరూ పక్కపక్కన కూర్చుని ఆడుకుంటారు, మీరు పునుగులో బజ్జీలో వేయండి. ఆ అబ్బాయి వాళ్ళ అమ్మానాన్నలు మీకు బాగా తెలిసినవాళ్ళై, పెద్దవాళ్ళు నలుగురూ ఒప్పుకుంటే అప్పుడు మొదటి జవాబులో చెప్పిన పద్ధతి ఆలోచించవచ్చు. అదీ పెద్దవాళ్ళ చేతుల మీదుగా, పిల్లల చేతికి పాస్‌వర్డ్ రాకుండా.

ప్రశ్న: భవానీపురం నుంచి. ఆన్‌లైన్‌లో ఒకతను కొత్త గేమ్ "సెకండరీ" 900కే అన్నాడు. డబ్బు పంపితే ఐడీ, పాస్‌వర్డ్ ఇచ్చాడు. రెండు నెలలు ఆడాను. ఇప్పుడు పాస్‌వర్డ్ తప్పు అని వస్తోంది. ఫోన్ ఎత్తడం లేదు. గేమ్ మళ్ళీ తెరిపించే మార్గం ఉందా?

జవాబు: లేదు. మీరు కొన్నది గేమ్ అనుకున్నారు, అతను అమ్మింది తన లాగిన్. పై జవాబులో రెండు హక్కులు చెప్పాను కదా, అతను ఒకే గేమ్ కొని మొదటి హక్కుని "ప్రైమరీ" పేరుతో ఒకరికి ఎక్కువ ధరకి, రెండోదాన్ని "సెకండరీ" పేరుతో మీకు తక్కువకి అమ్మాడు. పాస్‌వర్డ్ మార్చేసి అదే సెకండరీని ఇప్పుడు ఇంకొకరికి అమ్మి ఉంటాడు. కంపెనీకి ఫిర్యాదు చేసినా అకౌంట్ మీ పేరున లేదు, పైగా అమ్మకం కొనుగోలు రెండూ నిబంధనలకు విరుద్ధమే. డబ్బు పంపిన రుజువు మీ దగ్గర ఉంటే 1930కి ఫోన్ చేసి సైబర్ మోసం కింద ఫిర్యాదు ఇవ్వండి. ఇలాంటి వాటిలో ఎంత త్వరగా చేస్తే అంత మంచిది, రెండు నెలలు దాటాయి కాబట్టి డబ్బు తిరిగి వస్తుందని నేను హామీ ఇవ్వలేను.

అతని ఐడీ మీ కన్సోల్‌లో ఇంకా ఉంటే తీసేయండి. మీరు మీ ఐడీకి అదే పాస్‌వర్డ్ లాంటిది ఏదైనా పెట్టుకుని ఉంటే మార్చేయండి. ఆ 900కి సేల్ టైమ్‌లో పాత గేమ్ ఒకటి మీ సొంత అకౌంట్‌లో వచ్చి ఉండేది, అది ఎవరూ లాక్కోలేరు.

ప్రశ్న: మాది ఎక్స్‌బాక్స్. మొగల్రాజపురంలో ఉంటాం. మాకూ ఇదే పద్ధతా?

జవాబు: అదే. అక్కడ దాని పేరు హోమ్ ఎక్స్‌బాక్స్. సెట్టింగ్స్‌లో జనరల్, అందులో పర్సనలైజేషన్, అందులో మై హోమ్ ఎక్స్‌బాక్స్. ఒకరి కన్సోల్‌ని ఒకరు హోమ్‌గా పెట్టుకుంటే గేములూ, గేమ్ పాస్ సబ్‌స్క్రిప్షన్ కూడా ఇద్దరికీ వస్తాయి. తాళం, నెట్, తమ్ముడి సంగతి అన్నీ పైన రాసినట్టే. హోమ్ మార్చుకునే వీలు మాత్రం సంవత్సరానికి 5 సార్లే, సరదాకి మార్చి చూడకండి.

ప్రశ్న: పండక్కి మా అమ్మాయికి పీఎస్5 కొనాలి. డిస్కుదా, డిజిటల్‌దా? గుంటూరు కొత్తపేటలో చిన్న ఉద్యోగం నాది. ఒకసారే కొనగలను.

జవాబు: అన్నా, డిస్కుదే తీసుకోండి. మొదట కొంత ఎక్కువవుతుంది కానీ ఆడేసిన డిస్కుని అమ్ముకోవచ్చు, ఫ్రెండ్‌కి పదిరోజులు ఇచ్చి తెచ్చుకోవచ్చు. ఐడీలు, లాగిన్‌లు ఏమీ అక్కర్లేదు. 2013 జూన్‌లో పీఎస్4 చూపించినప్పుడు, గేమ్ షేర్ చేయడం ఎలాగో చెప్పడానికి సోనీవాళ్ళు అర నిమిషం కూడా లేని వీడియో ఒకటి పెట్టారు. ఒకతను గేమ్ డబ్బా తీసి పక్కనున్నతని చేతిలో పెడతాడు, అంతే. డిస్కులో ఆ సుఖం ఇప్పటికీ ఉంది. ఆడేటప్పుడు డిస్కు మెషీన్‌లోనే ఉండాలి కాబట్టి ఇద్దరూ ఒకే టైమ్‌లో ఆడలేరు, అదొక్కటే లోటు.

చేతిలో అంత డబ్బు లేకపోతే 2023 చివర్లో వచ్చిన సన్నటి మోడల్‌లో డిజిటల్‌ది తీసుకోండి. దానికి డిస్కు డ్రైవ్ విడిగా దొరుకుతుంది, వచ్చే ఏడాది కొని తగిలించుకోవచ్చు, మొదటిసారి తగిలించినప్పుడు నెట్ ఉంటే చాలు. 2020 నాటి పాత డిజిటల్ మోడల్‌కి మాత్రం ఆ వీల్లేదు. సెకండ్ హ్యాండ్‌లో చూస్తున్నట్టయితే ఈ తేడా అడిగి మరీ కొనండి. డబ్బు ఇచ్చేముందు అక్కడే టీవీకి పెట్టించి, యూజర్ల వరసలో పాతవాళ్ళ బొమ్మ ఏదైనా ఉందేమో చూడండి. ఉంటే వాళ్ళకి ఫోన్ చేయించండి.